ఉప్పుబండ మీద ఒక సొలిమ

మా వైపు కాలాన్ని కొలవడానికి గడియారం ఎవరికీ అవసరం పడేది కాదు. బారెడు పొద్దెక్కిందంటే మందను తోలుకుపోయే వేళ. మంద నీడకు చేరిందంటే నడిమధ్యాహ్నం. గాలి వాటంగా ఉన్న రోజు కురిచేడు వైపు నుంచి వచ్చే రైలు కూత వినపడేది. ఆ రైలు ఒక్కోసారి ఆలస్యంగా వచ్చేది కనుక దాన్ని మేం కొలతగా ఒప్పుకోలేదు. ఏడాదికి కార్తెలు ఉన్నాయి, మనిషికి తరం ఉంది. వీటిలో ఏది ఎంతో, ఒకదానిలో ఇంకొకటి ఎన్నిసార్లు పడుతుందో నేను చెప్పగలను. నన్ను ఇబ్బంది పెట్టిన కొలత ఒక్కటే. దాని పేరు సొలిమ. పంచాంగంలో వెతికితే దొరకదు. మా మేనత్త కల్పించిన దేశంలో తప్ప అది ఇంకెక్కడా లేదు.

మాది మార్కాపురానికీ బేస్తవారిపేటకూ నడుమ ఒక ఊరు. అప్పట్లో కర్నూలు జిల్లా. గొర్రెల మందలు మేపుకునే ఇళ్ళు మావి. నేను బడికి పోలేదు. గొర్రెపిల్లలను తోలుకుపోతూ పంతులు గారి అరుగు పక్కన నిలబడి ఎక్కాలు విన్నాను. మార్కాపురం పలకల గనుల దగ్గర విరిగి పారేసిన ముక్కలను నాయన తెచ్చిస్తే వాటి మీద అంకెలు దిద్దుకున్నాను. ఇరవై ఏళ్ళు వచ్చేసరికి చేను పంచుకోవాలన్నా, ఉమ్మడి మందలో పిల్లలను భాగాలు వేసుకోవాలన్నా ఊళ్ళో వాళ్ళు నన్నే పిలిచేవాళ్ళు. నాయన పైకి ఏమీ అనేవాడు కాదు గాని, పిలుపు వచ్చిన రోజు తలపాగా కొంచెం గట్టిగా చుట్టుకునేవాడు.

అత్త నాకంటే కొన్నేళ్ళే పెద్ద. ఒకే ఇంట్లో పెరిగాం. ఉన్న ఊళ్ళోనే సంబంధం కుదిరింది కాబట్టి పెళ్ళయ్యాక కూడా మా మందలు కలిసే మేసేవి. మధ్యాహ్నం మంద కొండ నీడకు చేరి, గొర్రెలన్నీ ఒకదాని పొట్ట కింద ఒకటి తల దూర్చుకుని నిలబడినప్పుడు, అత్త చెప్పడం మొదలుపెట్టేది. ఎండకు దూరంగా నేల నీళ్ళలా కదిలేది. మాటలు కూడా ఆ కదలికలోంచే వస్తున్నట్టు ఉండేవి. నాకు ఎప్పుడూ సగం నిద్ర, సగం మెలకువ.

ఆ దేశానికి ఆమె పేరు పెట్టలేదు. "ఆ పక్క" అనేది, అంతే. కొండ లోపల్నుంచి పోతే వస్తుంది. అక్కడ సూర్యుడు లేడు, చీకటి కూడా లేదు. పాలుపట్టిన జొన్నగింజ రంగులో ఒక వెలుగు ఎప్పుడూ ఉంటుంది, అది ఎటునుంచి వస్తుందో ఎవరికీ తెలియదు. అక్కడ వాన పైనుంచి పడదు. గడ్డితో పాటు నేలలోంచి మొలిచి, మోకాలిదాకా లేచి ఆగిపోతుంది. గొర్రెలు ఆ వానలో ఈదినట్టు నడుస్తాయి. ఒక కాపరి ఇంకో కాపరిని పిలిస్తే ఆ పిలుపు చేరడానికి చాలాసేపు పడుతుంది. అందుకని పిలిచినవాడు జవాబు కోసం నిలబడడు, తన పని తాను చూసుకుంటూ ఉంటాడు. పిలుపు చేరుతుందని అతనికి తెలుసు. ఎవరికీ తొందర లేదు.

సూర్యుడు లేనిచోట రోజులు ఎట్లా లెక్కపెట్టుకుంటారని నేను అడిగాను. లెక్కకు చిక్కనిది వింటే నాకు మొదటినుంచీ నిద్ర పట్టేది కాదు.

"రోజులు లేవురా ఆడ," అంది అత్త. "సొలిమ ఉంది."

"సొలిమంటే ఎంత?"

"సొలిమంత."

అంతకంటే రాబట్టలేకపోయాను. గొర్రెకు కొమ్ము ఒక చుట్టు తిరిగేంత కాలమా అని అడిగితే, ఆ పక్క గొర్రెలకు కొమ్ములు లేవు పొమ్మంది.

ఆ తరువాత ఒక ఏడు వానలు తప్పాయి. వేసవికి మగవాళ్ళు పర్మిట్లు రాయించుకుని గిద్దలూరు అవతల నల్లమలకు మందలు తోలారు. అత్త పెనిమిటి కూడా పోయాడు. తొలకరి పడ్డాక మందలు ఒక్కొక్కటే తిరిగి వచ్చాయి. అతని మంద అందరికంటే చివర వచ్చింది. ముందు పొట్టేలు, నడుమ గొర్రెలు, వెనక కుక్క. మనిషి లేడు. మందలో ఒక్క తల కూడా తగ్గలేదు. లెక్క చూసింది నేనే. మందంతా ఉండి కాపరి ఒక్కడే లేకుండా పోవడం ఎట్లాగో ఎవరికీ పాలుపోలేదు. పులి అయితే గొర్రెలను వదిలి మనిషిని పట్టదన్నారు. ఎక్కడన్నా పడిపోయి ఉంటే కుక్క కదిలేది కాదన్నారు. వాగులు నిండి దారులు మూసుకుపోయేదాకా వెతికి వచ్చారు. అడవి బంగళాలో ఒక కాగితం మీద రాసుకున్నారు. అంతటితో అయిపోయింది.

అత్త ఏడవలేదని చెప్పను. ఏడ్చింది. కాని గాజులు తీయమంటే తీయలేదు. ఒక మధ్యాహ్నం కొండ నీడన కూర్చుని, సంతకు పోయినవాడి గురించి చెప్పినంత మామూలుగా, "ఆ పక్కకు పోయినాడు," అంది. ఆమెకు మతి చలించిందని అనుకునేరు. ఆమె ఉన్ని కత్తిరించడంలో గాని, ఈనలేక తిప్పలుపడే గొర్రెను గట్టెక్కించడంలో గాని, బేరంలో గాని రవ్వంత తేడా రాలేదు. ఆ ఒక్క సంగతిలోనే ఆమె కాలం మాతో కలిసి నడవలేదు.

మాలో మారుమనువు ఉంది. చీర పెట్టి నలుగురిలో చెయ్యి పట్టుకుంటే చాలు. రెండు మూడు తొలకర్లు గడిచాక బేస్తవారిపేట దగ్గరి ఊరినుంచి ఒక సంబంధం వచ్చింది. ఆయనకు భార్య పోయింది, పిల్లలు లేరు, చిన్న మంద ఉంది. మాట నెమ్మది. ఎంత నెమ్మదంటే ఆయన చెప్పడం పూర్తయ్యేలోపు మా అవ్వ వక్క కొరికి ఆకు మడిచి నోట్లో పెట్టుకునేది. నాయనకు సంబంధం నచ్చింది. తాను పోయాక చెల్లెలు ఒంటరిదైపోతుందని ఆయన భయం. అత్తకు ఆ మనిషి మీద కోపమేమీ లేదు. కాని ఒప్పుకుంటే పెనిమిటి లేడని నలుగురి ఎదుట తన నోటితో చెప్పినట్టవుతుంది. అదొక్కటి ఆమెవల్ల కాలేదు.

కులపెద్దలు చావడిలో కూర్చున్నారు. అత్త స్తంభం పక్కన నిలబడింది. అందరూ తలా ఒక మాట చెప్పాక, ఏమంటావమ్మా అని పెద్దాయన అడిగాడు.

"ఒక్క సొలిమ గడువియ్యండి," అంది అత్త. "సొలిమ తీరినాక మీ మాటే నా మాట."

పెద్దాయన ముఖం నేను చూస్తూనే ఉన్నాను. ఆ మాట ఆయన ఎన్నడూ వినలేదు. అది ఏదో పంచాంగపు ముక్క అయి ఉంటుందనీ, తెలియదంటే పెద్దరికానికి లోటనీ అనుకున్నట్టుంది. కళ్ళు సగం మూసి, కార్తెలు లెక్కవేసినట్టు వేళ్ళు ముడిచాడు. పక్కనున్న పెద్దలూ తలలూపారు.

"సొలిమే గదా," అన్నాడు. "ఆడకూతురు నోరు తెరిచి అడిగినప్పుడు ఆ మాత్రం ఇయ్యకుంటే ఎట్ల." అని చేతికర్రతో నేల మీద కొట్టాడు. మాలో కర్ర కొడితే మాట ముగిసినట్టే. దాన్ని మళ్ళీ తిరగదీయడం లేదు.

చావడి దిగి నాలుగు అడుగులు వేశాక పెద్దాయన నాయన చెవిలో ఏదో అడిగాడు. నాయన నావైపు చూశాడు. అవ్వ వెనకనుంచి నవ్వింది. "కర్ర కొట్టేముందు అడగాల్సింది అన్నా," అంది పెద్దాయనతో. "ఇప్పుడు అది నీ మెడకు కట్టిన మొద్దు. మోసుకో."

సొలిమ ఎప్పుడు తీరుతుందో లెక్క తేల్చే పని అట్లా నామీద పడింది. పెద్దలు లెక్కతో తిరిగి రమ్మన్నారు. చిన్నదని తేలితే అత్తకు మనువు, పెద్దదని తేలితే పెద్దలకు నగుబాటు. నాకు రెండూ వద్దు, సరైన అంకె కావాలి.

అత్త ఉప్పుబండ దగ్గర ఉంది. గొర్రెలకు మేతతో పాటు ఉప్పు కావాలి. కొండ మొదట్లో ఒక పెద్ద బండ ఉంది. దాని మీద ఉప్పు నూరి చల్లితే మంద వచ్చి నాకుతుంది. మా తాతల తాతల నాటినుంచి నాకి నాకి ఆ బండ నడుమ అరిగి, చేటలా ఒకవైపు వాలిన పల్లం పడింది. చెయ్యి పెడితే లోపల వెన్నలా జారుతుంది. నేను ఈసారి వేడుకకు కాదు, పెద్దల తరఫున అడుగుతున్నానని చెప్పాను. అత్త చాలాసేపు ఆ పల్లంలో అరచెయ్యి తిప్పుతూ కూర్చుంది.

"ఈ బండలో అవతలి వెలుగు కనపడాల," అంది. "కనపడిన్నాడు సొలిమ తీరినట్టు."

అంటే బండ అరిగి అరిగి చిల్లు పడాలన్నమాట. నాకు ప్రాణం లేచి వచ్చింది. కొలవడానికి ఒక వస్తువు దొరికింది. ఒక పుల్ల బండ అంచుకు అడ్డంగా పెట్టి పల్లం లోతు చూశాను. బండ మందం కొండ దిగువ వైపునుంచి చూశాను, అటు నిలువెత్తు మనిషంత ఉంది. అవ్వను అడిగాను. తాను కాపురానికి వచ్చిన కొత్తలో పల్లంలో దోసెడు నీళ్ళు కూడా నిలిచేవి కావని, ఇప్పుడూ నిలవడం లేదు గాని అంచు కొంచెం పెరిగిందని చెప్పింది. ఎంత పెరిగిందంటే బొటనవేలి గోరు మీద ఒక జొన్నగింజ పెట్టి చూపించింది. ఒక మనిషి జీవితానికి ఒక జొన్నగింజ. బండ మందానికి ఎన్ని జొన్నగింజలో పలక ముక్క మీద వేసుకున్నాను. రెండుసార్లు వేశాను. వచ్చిన అంకె చూసి మూడోసారి కూడా వేశాను.

పలక ముక్క చేతపట్టుకుని చావడిలో లెక్క చెప్పాను. ఒక్క సొలిమ తీరాలంటే ఇప్పుడున్న అందరి మనవళ్ళ మనవళ్ళూ పోయి, వాళ్ళ మనవళ్ళ మనవళ్ళూ పోయి, అట్లా ఇంకా ఎన్నో మార్లు జరగాలి అన్నాను. ఒక ముసలాయన నవ్వు ఆపుకోలేక దగ్గాడు. నాయన ముఖం కందగడ్డయింది. చెల్లెలు నలుగురిలో ఆట పట్టించిందని ఆయన బాధ. పెద్దాయన మాత్రం చాలాసేపు కర్ర వైపే చూస్తూ కూర్చున్నాడు.

"కొట్టిన కర్ర కొట్టినట్టే," అన్నాడు చివరికి. "మనం పోతాం. కర్ర ఉంటది."

బేస్తవారిపేట ఆయన అంతసేపూ మెట్టు మీద కూర్చుని ఉన్నాడు. అందరూ లేస్తుంటే ఆయన గొంతు సవరించుకున్నాడు. ఏం చెబుతాడోనని మళ్ళీ కూర్చున్నారు.

"అబ్బాయ్," అన్నాడు నాతో. "ఉప్పు ఎక్కువ చల్లితే బండ బిర్న అరుగుతదా?"

పెద్దాయన కూడా తలెత్తి నావైపు చూశాడు. నేను లోపల లెక్క వేసుకున్నాను. ఉప్పు పెరిగితే నాకుడు పెరుగుతుంది, నాకుడు పెరిగితే అరుగుడు పెరుగుతుంది.

"అరుగుతది," అన్నాను. "రవ్వంత."

"రవ్వంతయితే సాలు," అని ఆయన కండువా దులుపుకుని వెళ్ళిపోయాడు.

మరుసటి సంతకు ఆయన మా ఊరు వచ్చాడు, భుజాన ఉప్పు మూటతో. ఆ రోజుల్లో ఉప్పు చెన్నపట్నం సర్కారు వాళ్ళ సొత్తు, దాని మీద పన్ను. మాబోటి ఇళ్ళల్లో చిటికెలతో వాడుకునేది. ఆయన దాన్ని బండ మీద గుమ్మరించి, రాయితో నూరి, పల్లమంతా సమంగా పరిచి, దూరంగా ఇంకో రాయి మీద కూర్చున్నాడు. అత్త మందను అటు పోనివ్వలేదు. సాయంత్రం దాకా చూసి ఆయన లేచిపోయాడు. ఆ పై సంతకు మళ్ళీ వచ్చాడు. పిల్లలు ఆయనకు ఉప్పాయన అని పేరు పెట్టారు. వెనక నడుస్తూ, ఇంకెన్ని గింజలు అరగాలి ఉప్పాయనా అని అడిగేవాళ్ళు. ఆయన నిలబడి, కోపం లేకుండా, నన్ను అడిగి చెబుతానని అనేవాడు. నిజంగానే నా దగ్గరకు వచ్చి అడిగేవాడు. నేను నిజంగానే లెక్క సరిచేసి చెప్పేవాణ్ణి. అంకె చివర ఒక పిసరు తగ్గేది. ఆయన తల ఊపేవాడు, ఏదో దగ్గరపడినట్టు.

ఇప్పుడు ఆ కాలాన్ని తలుచుకుంటే అది ఎన్నేళ్ళో వెంటనే చెప్పలేను. లెక్క కట్టగలను. కాని గుర్తొచ్చేటప్పుడు అది ఏళ్ళుగా రాదు, ఒకే పొడవాటి మధ్యాహ్నంగా వస్తుంది. కొండ నీడ, కదులుతున్న ఎండ, బండ మీద తెల్లగా ఉప్పు, ఈ రాయి మీద ఆయన, ఆ రాయి మీద అత్త, నడుమ గొర్రెల నాలుకల గరగర.

గొర్రెలు ఉప్పు వాసన ఎన్నాళ్ళని ఆగుతాయి. మంద తనంత తాను బండ దగ్గరకు పోవడం మొదలుపెట్టింది. అత్త ఆయనతో అన్న మొదటి మాట తిట్టే. "అంత ఉప్పు నాకినాక నీళ్ళు యాడ తాగుతయి, నీ తలకాయలో తాగుతయా?" అంది. ఆయన ఆలోచించి, తప్పేనన్నాడు. ఆ మరుసటి సంతకు ఉప్పుతో పాటు పార కూడా తెచ్చి, వాగు ఇసుకలో చెలమ తవ్వాడు. గొర్రెలు ఉప్పు నాకి చెలమలో నీళ్ళు తాగి వచ్చేవి. అత్త ఏమీ అనలేదు. అనకపోవడమే మాకు వింతగా ఉండేది.

తరువాత తరువాత, ఆయన కూర్చున్నప్పుడు కూడా అత్త నాకు ఆ పక్క సంగతులు చెప్పడం మానలేదు. ఆయన వింటున్నాడని ఆమెకు తెలుసు. పిలుపు చేరడానికి చాలాసేపు పడుతుందనే మాట విన్న రోజు ఆయన చిన్నగా నవ్వుకున్నాడు. అది తన ఊరే అనిపించి ఉంటుంది.

ఒక చలికాలపు మధ్యాహ్నం ఆయన తనంత తాను నోరు విప్పాడు. ఎండ పలుచగా ఉంది. గాలి కొండ మీదినుంచి దిగుతోంది.

"ఆ పక్క చలి ఉంటదా?" అన్నాడు.

అత్త అటు తిరిగింది. ఇన్నేళ్ళలో ఆ దేశం గురించి నేను అడగనిది లేదు. దూరం అడిగాను, కొలతలు అడిగాను, గొర్రెల కొమ్ములు అడిగాను. ఇది అడగలేదు.

"ఎందుకు?"

"ఆయన ఎండకాలం పోయినాడు గదా. మీద కప్పుకోను ఏమన్నా ఉందో లేదో అని."

అత్త గొర్రెల వైపు చూసింది. మంద తిరిగి వచ్చిన రోజును ఆమె లోపల మళ్ళీ చూస్తున్నట్టు తెలిసింది. పొట్టేలు వచ్చింది, గొర్రెలు వచ్చాయి, కుక్క వచ్చింది. మేమందరం వచ్చినవాటినే లెక్కపెట్టాం.

"గొంగడి రాలేదు," అంది మెల్లగా. "గొంగడి ఆయన కాడనే ఉంది."

"అయితే బాగుంది," అన్నాడాయన.

అత్త మోకాళ్ళ మీద తల పెట్టుకుని ఏడ్చింది. మంద వచ్చిన రోజు ఏడ్చినట్టు కాదు, వేరేగా. ఆయన లేచి, చెలమలో పడ్డ ఆకులు తీస్తూ అటే ఉండిపోయాడు. నేను పలక ముక్క తిరగేసుకుని కూర్చున్నాను.

ఆ చలి పోయి ఎండలు వచ్చి, తొలకరి పడింది. వాన వెలిసిన మరునాడు మధ్యాహ్నం అత్త నన్ను పిలిచి ఉప్పుబండ దగ్గరకు తీసుకుపోయింది. ఎప్పుడూ వాలుగా ఉండి నీళ్ళు జారిపోయే పల్లం ఆ రోజు నిండుగా ఉంది. ఇన్నాళ్ళ ఉప్పుకు గొర్రెలు నడుమనే నాకీ నాకీ, వాలు వైపున ఒక సన్నని అంచు నిలిచింది. అవ్వ చెప్పిన జొన్నగింజకంటే ఎక్కువ లోతు లేదు. కాని నీళ్ళు నిలవడానికి ఆ అంచు చాలింది. రాత్రి పడ్డ వాన పొద్దెక్కినా అట్లాగే ఉంది.

"చూడు," అంది.

వంగి చూశాను. రాయి లోపల ఆకాశం ఉంది. పాలుపట్టిన జొన్నగింజ రంగు మబ్బు ఒకటి, ఎక్కడినుంచో వెలుగు పడి, అడుగున ఎక్కడో లోతుగా, నెమ్మదిగా ఆ పక్కకు పోతోంది.

బండకు చిల్లు పడలేదు కదా అన్నాను. నా లెక్క ప్రకారం ఇంకా మొదలే కాలేదన్నాను.

"చిల్లని నేనెప్పుడన్నారా?" అంది అత్త. "వెలుగు కనపడాలంటిని. కనపడతా ఉందా లేదా?"

కనపడుతోందన్నాను. అబద్ధం కాదు.

పెద్దాయనను పిలుచుకొచ్చారు. అప్పటికి ఆయనకు నడక తప్పింది, ఇద్దరు పట్టుకుంటే వచ్చాడు. బండ మీద రెండు చేతులు ఆనించి లోపలికి చూశాడు. ఎంతసేపు చూశాడంటే నాయనకు భయం వేసి భుజం తట్టాడు. పెద్దాయన లేచి, ఎవరినీ ఏమీ అడగకుండా, కర్ర ఎత్తి నేల మీద కొట్టాడు. నీళ్ళు ఒక్కసారి వణికి, మళ్ళీ నిలిచాయి.

చీర పెట్టింది ఆ బండ దగ్గరే. అత్త పెట్టిన షరతు ఒక్కటి. బేస్తవారిపేట వైపు పోయినా ఏటా తొలకరికి వచ్చి ఈ బండ మీద ఉప్పు చల్లి పోతానంది. ఆయన ఒప్పుకున్నాడు. అంతకుముందే ఒప్పుకుని ఉన్నాడని అందరికీ తెలుసు.

వాళ్ళు మందను తోలుకుని బయలుదేరుతుంటే చెలమ దగ్గర ఆయన పార మరిచిపోయాడని నాకు కనపడింది. తీసుకుని వెనక నడిచాను. ఎన్నేళ్ళో నేనూ ఉప్పాయనా అని పిలిచిన మనిషి. ఇప్పుడు వరస మారింది.

"మామా," అన్నాను.

ఆయన ఆగి, ఎవరిని పిలిచానోనని వెనక్కి తిరిగి దారంతా చూశాడు. ఎవరూ లేరు. అత్త కూడా ఆగింది. ఆ పిలుపు ఆయనకు చేరడానికి చాలాసేపు పట్టింది. మేం ఇద్దరం, మందతో సహా, ఎదురుచూశాం.